దాచిన కాగితము

నారు పోసే రోజులు వచ్చాయంటే పల్లెల్లో ఒక మాట తరచుగా వినిపిస్తుంది: "ఫలానావాడు కోర్టు నుండి ఇంజంక్షన్ తెచ్చాడట." కొందరు దానిని స్టే అంటారు, కొందరు ఇంజెక్షన్ ఆర్డరు అంటారు. చట్టము దానిని తాత్కాలిక నిషేధాజ్ఞ అంటుంది. పేరు ఏదైనా దాని బలము అందరికీ తెలిసినదే. ఆ కాగితము చూపించగానే దున్నే ట్రాక్టరు ఆగిపోతుంది. గోడ కట్టే మేస్త్రీ తాపీ కింద పెడతాడు.

మన సంఘములలోని కుటుంబములు కూడ ఈ కాగితము కొరకు కోర్టు మెట్లు ఎక్కుతున్నాయి. ఆదివారము ఒకే బల్ల యొద్ద రొట్టె తీసుకొన్న అన్నదమ్ములు సోమవారము కోర్టు వరండాలో చెరొక స్తంభము ప్రక్కన నిలబడుట మనము ఎరుగనిది కాదు. విశ్వాసులు ఒకరి మీద ఒకరు వ్యాజ్యెమాడుటను గూర్చి పౌలు కొరింథీయులకు వ్రాసిన మాటలు మనకు తెలుసు. మొదట పెద్దల యొద్ద, కాపరి యొద్ద తేల్చుకొనుటే మంచిది. అయినా కొన్ని వేళల కోర్టుకు వెళ్లక తప్పదు. వెళ్లక తప్పని విశ్వాసి న్యాయాధిపతి ఎదుట ఏమి చెప్పవలెను? ఏమి దాచకూడదు? ఈ నెల మేము మీతో మాటలాడదలచినది దీనిని గూర్చియే.

ఒక అన్న, ఒక చెల్లెలు

ఇది ఏ ఒక్క ఊరి కథయో కాదు. అనేక ఊళ్లలో జరిగే దానిని ఒక్కచోట చేర్చి చెబుతున్నాము గనుక పేర్లతో పని లేదు.

తండ్రి వీలునామా వ్రాయకుండానే ప్రభువునందు నిద్రించాడు. తల్లి అంతకు ముందే పోయింది. మిగిలినది కాలువ కింద రెండెకరాల మాగాణి, ఒక కొడుకు, ఒక కూతురు. కొడుకు సేద్యము చేస్తున్నాడు. కూతురు పొరుగూరి కోడలు. ఆమె భర్త చనిపోయిన తరువాత పిల్లలతో పుట్టింటి ఊరికే వచ్చింది. ఒక సాయంత్రము పెద్దలు మందిరపు అరుగు మీద కూర్చున్నారు. కాలువ ప్రక్కన 70 సెంట్లు చెల్లెలికి, మిగిలిన ఎకరము 30 సెంట్లు అన్నకు అని తెల్లకాగితము మీద వ్రాశారు. ఇద్దరూ సంతకాలు చేశారు. ఇద్దరు పెద్దలు సాక్షి సంతకాలు పెట్టారు. ప్రార్థన చేసి లేచారు.

రెండు పంటలు గడిచాయి. ఊరి ప్రక్కన కొత్త రోడ్డు పడింది. భూమి ధర పెరిగింది. ఇచ్చిన 70 సెంట్లు అన్న కంటికి పెద్దవిగా కనబడసాగాయి. అదే సమయములో చెల్లెలి మరిది నలుగురిని వెంటబెట్టుకొని వచ్చి గట్టు తెగగొట్టాడు. రెండెకరాలూ తామే దున్నుతామని బెదిరించాడు. ఇది మాత్రము నిజమే. అన్నకు భయము వేసింది. వకీలు గారి యొద్దకు వెళ్లాడు.

"ఇంకేమైనా కాగితాలున్నాయా? పంపకము గాని, పెద్దల ఒప్పందము గాని జరిగిందా?" అని వకీలు గారు అడిగారు.

"ఏమీ లేదండి."

ఆ రెండు మాటల మీదనే దావా తయారైంది. రెండెకరాలూ తానొక్కడే అనుభవిస్తున్నాడనియు, చెల్లెలికి పెళ్లినాడే ఇవ్వవలసినది ఇచ్చివేశారనియు, ఆమెకు ఏ హక్కు లేదనియు ప్రమాణపత్రములో వ్రాశారు. అన్న సంతకము చేశాడు. న్యాయాధిపతి కాగితాలు చూసి, గట్టు తెగగొట్టిన సంగతి చదివి, తరువాతి వాయిదా వరకు ఎవరూ ఆ పొలములోనికి రాకూడదని ఉత్తర్వు ఇచ్చారు.

కోర్టు అమీను ఆ కాగితము పట్టుకొని వచ్చేసరికి చెల్లెలు నారుమడి యొద్ద ఉంది. ఎవరిచేతనో చదివించుకొని అన్న ఇంటికి నడిచింది. "అన్నా, మనము వ్రాసుకొన్న కాగితము సంగతి జడ్జిగారికి చెప్పావా?" అని అడిగింది. అన్న జవాబు చెప్పలేదు.

ఆమె యొద్ద ఆ కాగితపు నకలు ఉంది. స్త్రీలకు వారి ఆదాయముతో నిమిత్తము లేకుండా న్యాయసేవల సంస్థ ద్వారా ఉచితముగా వకీలును ఇస్తారని ఎవరో చెప్పగా వెళ్లింది. తరువాతి వాయిదాకు ఆ నకలు న్యాయాధిపతి చేతికి వచ్చింది. "ఈ సంతకము నీదేనా?" అని ఆయన అడిగారు. "అవునండి" అన్నాడు అన్న. ఉత్తర్వు మొత్తము రద్దయింది.

ఇక్కడ ఒక సంగతి గమనించండి. చెల్లెలి 70 సెంట్ల సంగతి మొదటనే చెప్పి ఉంటే, తన ఎకరము 30 సెంట్లకు రక్షణ అడిగి ఉంటే, అతనికి అది దొరికే అవకాశము బాగా ఉంది. మరిది బెదిరించుట నిజము. గట్టు తెగిన మాట నిజము. కాని దాచిన ఒక్క కాగితము వలన అతని నిజము కూడ అబద్ధముతో కలిసి కొట్టుకొనిపోయింది.

ఎదుటివాడు లేని చోట

ఇంజంక్షన్ అడిగినవారికి న్యాయస్థానము ఊరకనే ఇవ్వదు. మూడు సంగతులు చూస్తుంది. అడిగేవాని మాటలో పైకి కనబడే న్యాయము ఉన్నదా? ఉత్తర్వు ఇచ్చుట వలన, ఇవ్వకపోవుట వలన ఎవరికి ఎక్కువ కష్టము? ఇవ్వకపోతే తరువాత డబ్బుతో పూడ్చలేని నష్టము కలుగుతుందా? సాధారణముగా ఎదుటివారికి నోటీసు పంపి వారి మాట కూడ విన్న తరువాతనే ఉత్తర్వు ఇవ్వవలెనని 1908 నాటి సివిల్ ప్రొసీజర్ కోడ్ చెబుతుంది.

అయితే రేపు తెల్లవారేసరికి చెట్లు నరికివేస్తారు, ఇల్లు పడగొట్టివేస్తారు అనే భయము ఉన్నప్పుడు నోటీసు పంపి కూర్చుంటే పని మించిపోతుంది. అటువంటి వేళ న్యాయాధిపతి కారణములు వ్రాసి, ఒక్క పక్షము మాట మీదనే తాత్కాలికముగా ఉత్తర్వు ఇవ్వవచ్చును. దీనినే ఎక్స్‌పార్టీ ఆర్డరు అంటారు. అప్పుడు దరఖాస్తు, ప్రమాణపత్రము, దావా, దస్తావేజుల నకళ్లు వెంటనే ఎదుటివారికి అందజేయవలెను లేదా రిజిస్టరు పోస్టులో పంపవలెను. అలా పంపినట్లు ఆ రోజుననో మరుసటి రోజుననో కోర్టులో ప్రమాణపత్రము దాఖలు చేయవలెను. ముప్పది దినములలో ఆ దరఖాస్తును తేల్చుటకు కోర్టు ప్రయత్నించవలెనని కూడ నియమము.

తన వ్యాజ్యెమును మొదట వినిపించినవాడు న్యాయవంతునివలె కనబడుటను గూర్చి, పొరుగువాడు వచ్చి పరిశోధించుటను గూర్చి సామెతల గ్రంథము 18వ అధ్యాయములో ఉన్నది మనకు తెలుసు. ఎక్స్‌పార్టీ ఉత్తర్వు అడిగే దినమున ఆ పొరుగువాడు అక్కడ లేడు. ఆయన తరఫున ప్రశ్న వేసేవారు లేరు. న్యాయాధిపతి చేతిలో ఉన్నది మన సంతకము మాత్రమే. కాబట్టి ఆ దినమున మన మాట మనమే గాక, లేనివాని మాట కూడ మనమే చెప్పవలసి ఉన్నది. అతడు వచ్చి ఉంటే ఏమి చూపించేవాడో అది మనమే చూపించవలెను. న్యాయస్థానము మనకు ఇచ్చినది మన మాట మీద ఇచ్చిన అప్పు. అప్పు పుచ్చుకొనేటప్పుడు చెప్పిన మాట అబద్ధమని తేలితే ఏ షావుకారు ఊరుకొంటాడు?

చట్టము ఏమంటుంది

నిషేధాజ్ఞ కోరేవాడు శుభ్రమైన చేతులతో రావలెను అనుట న్యాయవాదుల నోట తరచుగా వినబడే మాట. 1963 నాటి స్పెసిఫిక్ రిలీఫ్ చట్టము 41వ సెక్షను దీనినే నియమముగా చెబుతుంది. వాది నడవడి న్యాయస్థానపు సహాయమునకు తగనిదైతే అతనికి నిషేధాజ్ఞ ఇవ్వకూడదు. 1976లో సివిల్ ప్రొసీజర్ కోడ్‌కు చేసిన సవరణ ఇంకా స్పష్టముగా ఉంది. ముఖ్యమైన విషయములో తెలిసి అబద్ధము గాని, తప్పుదారి పట్టించే మాట గాని చెప్పి, నోటీసు లేకుండా ఉత్తర్వు తెచ్చుకొన్నట్లయితే కోర్టు దానిని రద్దు చేయవలెను. ఉంచుట న్యాయమని తోస్తే అందుకు కారణములు వ్రాయవలెను.

1993లో సుప్రీం కోర్టు చెంగల్వరాయ నాయుడు కేసులో ఇచ్చిన తీర్పును నేటికీ దేశమంతటా న్యాయస్థానములు ఉదహరిస్తున్నాయి. ఒక వ్యక్తి కోర్టు వేలములో తన యజమాని కొరకు ఆస్తి కొన్నాడు. దానిని ఆ యజమానికే వదులుతూ రిజిస్టరు దస్తావేజు వ్రాసి ఇచ్చాడు. తరువాత ఆ దస్తావేజు ఊసెత్తకుండా అదే ఆస్తిలో భాగము కోరి డిక్రీ పొందాడు. వాది నిజమైన వ్యాజ్యెముతోనే రావలెనన్న బాధ్యత చట్టములో లేదని హైకోర్టు తలంచింది. సుప్రీం కోర్టు దానిని త్రోసివేసింది. లాభము కొరకు ముఖ్యమైన పత్రమును దాచుట ఎదుటివానికే కాదు, న్యాయస్థానమునకు కూడ చేసిన మోసమే అన్నది. అబద్ధము మీద నిలిచిన దావాను ఏ దశలోనైనా త్రోసివేయవచ్చునని తీర్పు ఇచ్చింది.

2012లో గోవా నుండి మరియొక వ్యాజ్యెము సుప్రీం కోర్టుకు వచ్చింది. సోదరి ఇంటిలో ఆమె అనుమతితో ఉన్న సోదరుడు ఆ ఇల్లు తన స్వాధీనములోనిదని దావా వేశాడు. క్రింది కోర్టులు అతని మాటే అంగీకరించాయి. సుప్రీం కోర్టు ఒప్పుకొనలేదు. చుట్టరికము చొప్పున ఎంతకాలము ఉన్నా దానివలన హక్కు రాదన్నది. స్వాధీనము ఉన్నదని చెప్పేవాడు ఎప్పటి నుండి, ఎవరి ద్వారా, ఏ విధముగా అని వివరముగా చెప్పవలెనన్నది.

శిక్షలు కూడ ఉన్నాయి. తగిన కారణము లేకుండా తెచ్చిన ఉత్తర్వు వలన ఎదుటివారు నష్టపోతే, అదే కోర్టు ఏబది వేల రూపాయల వరకు పరిహారము ఇప్పించవచ్చును. న్యాయవిచారణలో తెలిసి అబద్ధపు సాక్ష్యము ఇచ్చినవారికి 2024 జూలై నుండి అమలులో ఉన్న భారతీయ న్యాయ సంహిత ప్రకారము ఏడేండ్ల వరకు జైలు పడవచ్చును. ప్రమాణపత్రము కూడ ప్రమాణము మీద చెప్పిన మాటే.

శిక్షకు భయపడి మాత్రమే నిజము చెప్పుమని మేము అనుట లేదు. లోకపు చట్టమే ఇంత ఖచ్చితముగా సత్యమును అడుగుతున్నప్పుడు, సత్యమైయున్న ప్రభువును వెంబడించే మనము దానికంటె తక్కువవారమై ఉండవచ్చునా?

అననీయ పొలము

అపొస్తలుల కార్యములు 5వ అధ్యాయములోని అననీయ సప్పీరాల సంగతిని మనము కానుకలను గూర్చిన ప్రసంగములలోనే ఎక్కువగా వింటాము. అది ఒక పొలము సంగతి కూడ. అమ్మక ముందు పొలము అతనిదే, అమ్మిన తరువాత సొమ్ము అతని స్వాధీనములోనే ఉన్నదని పేతురు స్పష్టముగా చెప్పాడు. కొంత ఉంచుకొనుట నేరము కాదు. కొంత తెచ్చి అంతా ఇదే అనుట నేరము.

మన కథలోని అన్న చేసినదీ అదే. ఆ కాగితము రిజిస్టరు కాలేదు, చెల్లదు అని అతడు వాదించదలిస్తే వాదించవచ్చును. అది వాదించుటకు కోర్టు ఉన్నది. చెల్లుతుందా చెల్లదా అని తేల్చవలసినది న్యాయాధిపతి. దానిని పెట్టెలో దాచి అతడే తీర్పు తీర్చుకొన్నాడు.

నాబోతు ద్రాక్షతోటను కూడ తలంచుకొందాము. అక్కడ అంతా చట్టము ప్రకారమే జరిగినట్లు కనబడుతుంది. ఉత్తరములు ఉన్నాయి, రాజముద్ర ఉన్నది, పెద్దల సభ ఉన్నది, ఇద్దరు సాక్షులు కూడ ఉన్నారు. లేనిది సత్యము ఒక్కటే. ముద్ర పడిన కాగితము చేతికి వచ్చినంత మాత్రాన పొలము న్యాయముగా మనదైనట్లు కాదు.

ఆడపిల్లల మాట

మన కుటుంబములలో ఎక్కువగా దాచబడేది ఆడపిల్లల హక్కు. క్రైస్తవులకు వర్తించే 1925 నాటి ఇండియన్ సక్సెషన్ చట్టము ప్రకారము తండ్రి వీలునామా లేకుండా చనిపోతే, భార్యకు మూడవ వంతు పోగా మిగిలినది కుమారులకు, కుమార్తెలకు సమానముగా వస్తుంది. భార్య లేకపోతే అంతా పిల్లలకే సమానము. పెళ్లి చేసి పంపించామనుట వలన ఆ హక్కు పోదు. ఆ అన్నచెల్లెళ్లకు చట్టము ప్రకారము చెరొక ఎకరము రావలసి ఉన్నది. అన్న మీది ప్రేమ చేత చెల్లెలు 70 సెంట్లతోనే తృప్తి పడింది. అతడు అదియు లేదన్నాడు. తండ్రి స్వాస్థ్యము అడిగిన సెలోపెహాదు కుమార్తెల మాట న్యాయమైనదని మోషేకు దేవుడే సెలవిచ్చిన సంగతి మన బైబిలులోనే ఉన్నది.

హక్కు ఎవరిదనే చిక్కును తప్పించుకొనుటకు వట్టి ఇంజంక్షన్ దావా వేసేవారు కూడ ఉన్నారు. హక్కు మీదనే గట్టి తగాదా ఉన్నప్పుడు హక్కు నిర్ణయము కూడ కోరవలెనని, వట్టి నిషేధాజ్ఞ దావా చాలదని ఆంధ్రప్రదేశ్ నుండి వెళ్లిన ఒక వ్యాజ్యెములో సుప్రీం కోర్టు 2008లోనే వివరించింది.

సంతకము చేయుటకు ముందు

"నాకేమి తెలుసు, వకీలు గారు అలా వ్రాశారు" అనేవారున్నారు. వకీలు గారు మనము చెప్పినదే వ్రాస్తారు. సంతకము మనది. అందుచేత ఈ సంగతులు గుర్తుంచుకొనండి.

1. ప్రమాణపత్రము ఇంగ్లీషులో ఉంటే తెలుగులో చదివి వినిపించమని అడగండి. అడుగుట మీ హక్కు. వినకుండా సంతకము గాని, వేలిముద్ర గాని వేయవద్దు.

2. ఇంటిలో ఉన్న కాగితములన్నీ తీసుకొని వెళ్లండి. మనకు అనుకూలమైనవి, వ్యతిరేకమైనవి, రిజిస్టరు అయినవి, కానివి అన్నీ వకీలు గారి బల్ల మీద పెట్టండి. వ్యతిరేకమైన కాగితమునకు జవాబు ఉంటే ఆయన వ్రాస్తారు. దాచిన కాగితమునకు ఎవరూ జవాబు చెప్పలేరు.

3. ఇదే ఆస్తి మీద ఇంతకు ముందు దావా నడిచిందా, ఓడిపోయామా, వేరే కోర్టులో ఉత్తర్వు నిరాకరించారా? అది తప్పక చెప్పండి.

4. వాటా ఉన్నవారందరి పేర్లు చెప్పండి. దూర దేశములో ఉన్న తమ్ముడిని, మాటలు లేని అక్కను కూడ విడిచిపెట్టవద్దు.

5. స్వాధీనములో ఎంత ఉన్నదో అంతే అడగండి. సరిహద్దులు సరిగా చెప్పండి. ఎకరము ఉన్నప్పుడు రెండెకరాలని వ్రాయించవద్దు.

6. దావా వేసిన తరువాత కొత్త సంగతి తెలిసినా, చెప్పినది పొరపాటని తోచినా, ఎదుటివారు బయటపెట్టక ముందే మీరే వెళ్లి చెప్పండి.

ఉత్తర్వు మన మీదికి వస్తే

అన్యాయముగా తెచ్చిన ఉత్తర్వు మన మీదికి వస్తే కోపముతో పొలములో దిగకూడదు. తప్పుడు ఉత్తర్వైనా రద్దయ్యేంత వరకు ఉత్తర్వే. దానిని మీరినవారి ఆస్తి జప్తు చేయవచ్చును, మూడు నెలల వరకు సివిల్ జైలులో ఉంచవచ్చును. అదే కోర్టుకు వెళ్లి, దాచిన సంగతి చూపించి, రద్దు చేయుమని దరఖాస్తు పెట్టవలెను. ఎదుటివారు దావా వేయబోతున్నారని ముందుగా తెలిస్తే కేవియట్ వేసి, తమ మాట వినకుండా ఉత్తర్వు ఇవ్వవద్దని కోరవచ్చును. అది తొంబది దినములు పని చేస్తుంది. రాజీ పడదలచినవారికి లోక్ అదాలత్ ఉంది. అక్కడ కుదిరిన రాజీకి కోర్టు డిక్రీతో సమానమైన విలువ ఉంటుంది.

సంఘమునకు ఒక మాట

కుటుంబములకే ఈ మాట చెప్పి ఊరుకొంటే మేము కూడ సగము సత్యము చెప్పినవారమే అవుతాము. మందిరము స్థలములను గూర్చి, కమిటీ ఎన్నికలను గూర్చి మన సంఘములలోని పక్షములు కూడ ఒకరి మీద ఒకరు ఇంజంక్షన్లు తెచ్చుకొంటున్నాయి. ఆ ప్రమాణపత్రములలో సర్వసభ్య సమావేశపు తీర్మానమును దాచినవారు, మినిట్సు పుస్తకములో పుటలు మార్చినవారు లేరని మనము చెప్పగలమా? పెద్దలే అలా చేస్తే, పొలము గట్టు మీద నిలిచిన అన్నకు బుద్ధి చెప్పుటకు మనకు నోరెలా వస్తుంది?

ఆ అన్న కథకు ముగింపు ఇంకా రాలేదు. దావా నడుస్తూనే ఉంది. చెల్లెలు ఇప్పుడు మందిరములో ఇంకొక వైపు కూర్చుంటుంది. గట్టు మాత్రము మరల వేశారు. 70 సెంట్లకు ఇవతల ఒక వైపు, అవతల ఒక వైపు. కోర్టు ఇంకా తేల్చలేదు గాని, ఆ గట్టు ఎక్కడ ఉండవలెనో వారిద్దరికీ మొదటి నుండి తెలుసు.

ప్రియ చదువరులారా, మన ఇండ్లలో కూడ ఒక పెట్టె ఉంటుంది. అందులో మనకు ఇష్టము లేని కాగితము ఒకటి ఉండవచ్చును. ఈ రాత్రి కుటుంబ ప్రార్థన అయిన తరువాత దానిని బయటకు తీయండి. అందరి ఎదుట చదవండి. అది ఎవరికి చెందినదో వారికి ఒక నకలు ఇవ్వండి. కోర్టుకు వెళ్లవలసిన అవసరము ఆ దినముననే తీరిపోవచ్చును. తీరకపోయినా, న్యాయాధిపతి ఎదుట నిలిచిన దినమున మన చేతిలో దాచినది ఏదీ ఉండదు.